ఆయుధమును వినోదమును

వాల్మీకి రామాయణమున, అరణ్యకాండమునందు, సీత రామునకు ఒక చిన్న కథ చెప్పును. ఒక వనమున సత్యవంతుడైన తాపసి తపస్సు చేసికొనుచుండెను. అతని తపమునకు విఘ్నము కలిగింపగోరి ఇంద్రుడు భటుని వేషమున వచ్చి, ఒక ఖడ్గమును అతనియొద్ద న్యాసముగా ఉంచి పోయెను. సొమ్ము పరులది, కాపాడుట తన ధర్మము. ఈ తలంపుతో తాపసి కందమూలములకై పోవునపుడు సైతము ఖడ్గమును విడువక వెంట గొనిపోవుచుండెను. నిత్యము చేతనుండుటచేత క్రమముగా అతని బుద్ధి క్రూరమయ్యెను, తపము చెడెను, తుదకు నరకమే అతనికి గతి యయ్యెను. ఈ కథలో విచారింపదగిన అంశ మొకటి కలదు. తాపసి ఏ దశయందును పాపము చేయదలచినవాడు కాడు. దురుద్దేశము లేనిచోట బాధ్యతకు తావున్నదా? కథ లేవనెత్తు ప్రశ్న ఇది. కాలము మారినను ప్రశ్న మారలేదు.

పూర్వము ఆయుధమునకు రెండే స్థితులుండెను. యుద్ధమున అది చేతనుండెడిది, శాంతికాలమున ఒరలోనుండెడిది. మన కాలము దానికి మూడవ స్థితి నొసగినది. అది తెరమీద ఉండుట. అక్కడ ఆయుధము ఎవరితోను పోరాడదు, ఎవరిని కాపాడదు, చూచువారిని నవ్వించును.

అమెరికాలోని టెక్సాస్ రాష్ట్రమున మాట్ కారికర్ అను పశువైద్యుడు కలడు. 2011లో అతడు యూట్యూబునందు ‘డెమోలిషన్ రాంచ్’ అను పేర ఒక చానెలు ప్రారంభించెను. ఎన్ని పుచ్చకాయలను వరుసగా పేర్చిన తూటా ఆగును? ఈ లోహపు పలక ఏ తుపాకికి లొంగును? ఇట్టి ప్రశ్నలను పసివానివలె ఉత్సాహముతో వేసి, తుపాకి పేల్చి, ఫలితమును నవ్వుచు చూపుట అతని పద్ధతి. చందాదారుల సంఖ్య కోటికి మించెను. అతడే ‘వెట్ రాంచ్’ అను మరియొక చానెలునందు దిక్కులేని కుక్కలకు, పిల్లులకు చేసిన చికిత్సలను చూపెను. ఒకే మనుజుడు ఒకచోట గాయము కట్టుచు, మరియొకచోట తుపాకి పేల్చుచు కనబడెను. అతనిని క్రూరుడనుటకు ఎవరికిని నోరు రాదు.

2024 జులై 13న పెన్సిల్వేనియాలోని బట్లర్ అను ఊరిలో ఎన్నికల సభ జరుగుచుండగా, ఇరువది యేండ్ల యువకుడొకడు ఒక కప్పుమీదనుండి డోనాల్డ్ ట్రంప్‌పై తుపాకి పేల్చెను. ట్రంప్ చెవికి గాయమయ్యెను. సభకు వచ్చినవారిలో ఒకడు మరణించెను; ఇరువురు తీవ్రముగా గాయపడిరి. భద్రతాదళమువారు ఆ యువకుని అక్కడనే కాల్చి చంపిరి. అతని ఒంటిమీది టీషర్టుపై ఉన్న పేరు ‘డెమోలిషన్ రాంచ్’. కారికర్ తాను దిగ్భ్రాంతి చెందితిననియు, తన చానెలు హింసను ప్రేరేపించుటకు ఉద్దేశింపబడినది కాదనియు ప్రజలకు తెలిపెను.

అతని పక్షమున చెప్పదగినది అల్పము కాదు. ఒక క్రికెట్ ఆటగాని పేరుగల చొక్కా తొడిగి ఎవడేని దొంగతనము చేసినచో, ఆ నేరము ఆటగానికి అంటదు. కొడవలి చేసిన కమ్మరి హత్యకు బాధ్యుడు కాడు. ఆ దృశ్యములను చూచినవారు కోట్లకొలది. వారిలో మిక్కిలి పెద్ద భాగము ఒక చీమకైనను హాని చేయనివారు. చొక్కామీది అక్షరములు చొక్కా తొడిగినవాని మనస్సును తెలుపజాలవు. న్యాయస్థానమున ఈ వాదము నెగ్గును, నెగ్గవలెను కూడ. ఒకని చేతకు మరియొకని శిక్షించు న్యాయము న్యాయము కాదు.

కాని న్యాయస్థానము ఆగినచోటనే ధర్మవిచారము ఆగదు. ఆటగానికిని ఈ వినోదకారునకును ఒక భేదము కలదు. బంతి చంపుటకు పుట్టినది కాదు. కొడవలికి పంట కోయు పని ఉన్నది. తుపాకి గురికిని, వేటకును, ఆత్మరక్షణకును పనికివచ్చును. కాని ఈ మూడింటికిని మూలమందున్నది దూరమునుండి దేహమును భేదింపగల శక్తియే. వినోదము ఈ శక్తిని తగ్గింపదు. దాని అర్థమును మాత్రము మరపించును. శబ్దము మిగులును, పగిలిన తునకలు మిగులును, నవ్వు మిగులును. దెబ్బ తిన్నవాడు మాత్రము మాయమగును. పుచ్చకాయకు తల్లి లేదు. పగిలినదానికై ఏడ్చువారెవరును ఆ తెరమీద లేరు.

ఒక్కొక్కప్పుడు ఈ మరపు తనంతట తొలగును. 2021 ఏప్రిలులో ‘కెంటకీ బాలిస్టిక్స్’ అను చానెలువాడైన స్కాట్ డిషీల్డ్స్ ఒక పెద్ద తుపాకిని పేల్చుచుండగా అది చేతిలోనే బ్రద్దలయ్యెను. లోహపు తునక మెడలోని సిరను తెంచెను. అతడు బొటనవ్రేలిని గాయములో ఉంచి రక్తము నాపుకొనెను. వెంటనున్న తండ్రి అతనిని కారులో గొనిపోయెను. అతడు బ్రతికెను. తరువాత ఆ ప్రమాదమును దాచక తన ప్రేక్షకులకు చూపెను. చూచినవారు ఆ క్షణమున తుపాకి ఏమి చేయునో గ్రహించియుందురు. అయినను అదియు ఒక దృశ్యమే అయ్యెను. దానిని చూచుటకును జనులు మూగిరి. తెర తనలో పడిన దానినెల్ల తెరగానే మార్చుకొనును.

ఇక్కడ ఒక ఆక్షేపణ రావచ్చును. మన ఇతిహాసములు మాత్రము ఆయుధమును వేడుకగా చూపలేదా? ద్రౌపదీ స్వయంవరమున అర్జునుని గురిని విని ఆనందింపని శ్రోత ఎవడు? నిజమే. బాణములు ఆకాశమును కప్పుట, రథములు విరుగుట, శిరములు తెగిపడుట, ఇవి అన్నియు భారతమున వినువారికి ఉల్లాసము కలిగించునట్లు వర్ణింపబడినవి. కాని భారతము యుద్ధముతో ముగియలేదు. స్త్రీపర్వమున గాంధారి రణభూమికి వచ్చును. కూలిన కుమారులను, భర్తలను వెదకుకొనుచు స్త్రీలు ఏడ్తురు. అంతవరకు శౌర్యమునకు మెచ్చుకొనిన శ్రోత, తాను దేనిని మెచ్చుకొనెనో అప్పుడు చూచును. వ్యాసుడు ఆయుధముతో ఆనందమిచ్చెను, ఆ ఆనందపు ఋణమును కూడ తీర్చెను. ఆయుధమును చూపుట దోషము కాదు. స్త్రీపర్వము లేకుండ చూపుటయే లోపము. తెరమీది వినోదమునందు ఒక యుద్ధము ముగియగనే మరియొకటి ఆరంభమగును. గాంధారి వచ్చుటకు వ్యవధి ఉండదు.

ఇది దూరదేశపు విషయమని భారతీయుడు నిశ్చింతగా ఉండజాలడు. అమెరికాలో ఆయుధధారణ 1791 నాటి రాజ్యాంగ సవరణచేత హక్కుగా నిలిచినది. మనదేశమున 1959 నాటి ఆయుధ చట్టముచేత అది లైసెన్సుకు లోబడినది. అయినను ఉత్తర భారతమున పెండ్లి ఊరేగింపులలో సంతోషముతో తుపాకి పేల్చు ఆచారము కలదు. ఆ తూటాలకు పెండ్లికి వచ్చిన బంధువులే బలియైన సందర్భములు ఉన్నవి. 2019లో చట్టమును సవరించి, ఇతరుల ప్రాణములకు అపాయము కలుగునట్లు వేడుకకై తుపాకి పేల్చుటను ప్రత్యేక నేరముగా చేసిరి. అక్కడను పేల్చినవాడు ఎవనిని చంపదలచినవాడు కాడు. అతడు సంతోషించుచుండెను, అంతే.

కనుక బాధ్యత మూడు విధములని చెప్పవచ్చును. చేసినదానికి బాధ్యత మొదటిది. అది చట్టమునకు తెలియును. తలచినదానికి బాధ్యత రెండవది. అది అంతరాత్మకు తెలియును. అలవాటు చేసినదానికి బాధ్యత మూడవది. దీనికి శిక్ష లేదు, సాక్షి లేడు. కోటి మందిలో ఎవనియందు ఏది నాటుకొనెనో నాటినవానికే తెలియదు. తెలియదు గనుక అది లేదనుట తగదు. పెద్ద సభలో మాటలాడువాడు చిన్న గదిలో మాటలాడువానికంటె ఎక్కువ జాగ్రత్త వహింపవలసినట్లే, కోటి కన్నుల యెదుట ఆయుధమును ఆడించువాడు కోటి పాళ్ళు జాగరూకుడు కావలెను. అతనిని నేరస్థుడని నిందించుట అన్యాయము. అతనికి ఋణమేమియు లేదనుట కూడ అసత్యము.

సీత కథ చెప్పినపుడు రాముని నిందింపలేదు. ప్రేమచేత జ్ఞాపకము చేయుచున్నాననియే పలికెను. రాముడు కోపింపక, ఆర్తుల మొర వినబడకుండుటకే క్షత్రియుడు ధనుస్సు ధరించుననియు, తాను ఋషులకు మాట ఇచ్చితిననియు బదులు చెప్పెను. ఎవరి మొర విని ఆయుధము పట్టెనో అతడు చెప్పగలిగెను. ఆయుధము పట్టిన ప్రతివానికిని ఆ ప్రశ్న ఉన్నది. నవ్వించుటకు పట్టినవానికిని ఉన్నది; చూచి నవ్వినవానికిని ఉన్నది.