మార్తయు మన కజ్జికాయలును



డిసెంబరు మాసము వచ్చినదనగానే మన భోగాపురము చుట్టుపట్ల విశ్వాసుల యిండ్లలో కొబ్బరి, బెల్లము, ఏలకుల వాసన లేచును. కజ్జికాయలు లేని క్రిస్మస్ మనకు పండుగవలె తోచదు. ఈ యలవాటు మనకు మాత్రమే కాదు. గోవాలోని క్రైస్తవులు ఇట్టి వంటకమునే నెవ్రి యను పేరుతో క్రిస్మస్‌కు చేయుదురు. పోలెండు దేశస్థులు క్రిస్మస్ ముందురాత్రి క్యాబేజీ, పుట్టగొడుగులు లోపల కూరి పియెరోగి యనువాటిని వండుకొందురు.

కొన్ని సంవత్సరముల క్రిందట, క్రిస్మస్‌కు ముందటి ఆదివారమున, లూకా సువార్త 10వ అధ్యాయమునుండి మార్త మరియలనుగూర్చి ప్రసంగించితిని. పండుగ పేరిట పొయ్యియొద్దనే యుండి ప్రార్థనకు రాని స్త్రీలను కొంచెము గట్టిగానే మందలించితిని. ఆరాధన ముగిసిన పిమ్మట ఒక వృద్ధురాలు నాయొద్దకు వచ్చి, "అయ్యగారూ, ఆ మార్తమ్మ కూడా కూకుండిపోతే ఆ పొద్దు అందరూ ఏటి తిందురండి?" అని మెల్లగా అడిగెను.

నాయొద్ద జవాబు లేకపోయెను. అన్ని సంవత్సరములు కజ్జికాయలు తిన్నవాడనేగాని ఒక్కటియు చేసినవాడను కాను.

ఆ యేడు 24వ తేదీ సాయంకాలము మా వంటయింట పీట వేసికొని కూర్చుంటిని. నా భార్య అప్పటికే మైదాపిండిలో కొంచెము బొంబాయిరవ్వ, కాచిన నేయి కలిపి, గట్టిగా పిసికి, తడిగుడ్డ కప్పియుంచెను. కోరిన కొబ్బరిని బెల్లముతో దగ్గరపడువరకు ఉడికించి లౌజు సిద్ధపరచెను. పలుచగా వత్తిన పూరీలో చెంచాడు లౌజు పెట్టి, అంచుకు నీటితడి రాచి, సగమునకు మడిచి, అంచును వ్రేళ్లతో నొక్కుచు మెలివేయవలెను. నేను ఆశపడి రెండు చెంచాలు కూరితిని. నూనెలో వేయగానే నావి విచ్చుకొనెను. లౌజు బయటపడి మాడి, ఆమె చేసినవాటికిని నల్లగా అంటుకొనెను.

ఆమె నన్నేమియు అనలేదు. బాండీ దింపి, నూనె వడగట్టి, మరల పొయ్యిమీద పెట్టెను. అప్పటికి రాత్రి 11 గంటలు దాటెను. ఆమెకు ప్రార్థనకు ఇంకను తీరిక దొరకలేదు. ప్రతి సంవత్సరమును ఇట్లే జరిగియుండునని నాకు అప్పుడు తెలిసెను.

ప్రభువు మార్తను మందలించినది వండినందుకు కాదు. పనులవలన ఆమె మనస్సు తొందరపడి, సహోదరిమీద ఫిర్యాదు చేసినందుకే. యోహాను సువార్త 12వ అధ్యాయమున బేతనియలోని విందునందు మార్త మరల వడ్డించుచునే యున్నది. అక్కడ ఆమెను ఎవరును మందలించలేదు. మృతులలోనుండి లేచిన ప్రభువే సముద్రతీరమున నిప్పులమీద చేపలు సిద్ధపరచి, రాత్రియంతయు వలలు వేసి అలసిన శిష్యులకు పెట్టెను. ముక్కాము తీరమున వలలు లాగు మన సోదరులకు అట్టి ఉదయమున వేడి ఆహారము ఎట్టిదో తెలియును. వంట తక్కువపనియైతే ప్రభువు దానికి చేయి పెట్టియుండునా?

అట్లయిన తప్పెక్కడ నున్నది? మనమందరము మరియలమై కూర్చుండుటకై ఇంటిలో ఒక్కరినే ఎల్లకాలము మార్తగా నుంచుటలో నున్నది. ఫిర్యాదు చేయని మార్త కూడ అలసిపోవును.

"అయ్యగారూ, దుకాణములో కొనవచ్చును గదా?" అని మీరు అడుగవచ్చును. కొనుట పాపము కాదు. ఒంటరిగానున్న ముసలితల్లిచేత చేయించుటకంటె కొనుటయే మేలు. కాని కలిసి చేయు ఇంటిలో ఒకరి భారము ఎంతో రెండవవారి వ్రేళ్లకు తెలియును.

ఇప్పుడు మా యింట పని 23వ తేదీననే మొదలగును. పిల్లలు ఏలకులు వలుతురు. అంచులు నొక్కుట నా పని. ఒక్క చెంచా లౌజే పెట్టుదును. మరునాటి రాత్రి ప్రార్థనకు అందరము కలిసి పోవుదుము. మొదటి పళ్లెము ఆ వృద్ధురాలి యింటికి పంపుదుము.

సహోదరులారా, ఈ క్రిస్మస్‌కు మీ యింట మార్త ఎవరో చూడుడి. ఆమె ప్రక్కన పీట వేసికొని కూర్చుండుడి.