కందపువ్వు – గంధవిచారము

మేడ్చల్, శామీర్‌పేటల వైపు పెరటితోటలలో, తొలకరి జల్లులకు, ఆకైనను పుట్టకమునుపే నేలను చీల్చుకొని వెలువడు కందపువ్వు, కుళ్లిన మాంసమును తలపించు దుర్గంధముతో ఈగలను, పెంకుపురుగులను రప్పించుకొని, వానిచేత పరాగసంపర్కమును నెరవేర్చుకొనును. దుర్గంధపుష్పములు అర్చనకు నిషిద్ధములని పూజావిధులు చెప్పును. దుంపను మాత్రము బచ్చలితో కలిపి వండి పెండ్లివిందులలో ఆదరింతుము.

ఈ మాలిన్యము పువ్వునందున్నదా, మన ఘ్రాణమునందున్నదా? 17వ శతాబ్ది ఆంధ్ర తార్కికుడు అన్నంభట్టు తర్కసంగ్రహమున, గంధము పృథివికి మాత్రమే గుణమని నిర్ణయించి, సురభియు అసురభియు అను రెండింటిని ఆ యొక్క పృథివియందే నిలిపెను. ఒకదానిని దైవమునకు, వేరొకదానిని పాపమునకు పంచిపెట్టలేదు. ఆ నిష్పక్షపాతము నాకెంతయు పూజ్యము. ఈగకు ఆ వాసనయే ఆహ్వానము. ఉమ్మెత్తపువ్వు శివునకు ప్రీతికరమని నమ్మిన మనము, కందపువ్వును ఏల వెలివేసితిమో విచారింపవలదా?