పిల్లి మీంచి పోయిన రైలు

"తాతా, మరి వీడు చచ్చిపోడా?" అన్నాడు మనవడు. టీవీలో పిల్లి మీంచి రైలు పోయింది. అప్పడంలా అతుక్కుపోయిన పిల్లి బొటనవేలు నోట్లో పెట్టుకుని ఊదుకుంది, ఉబ్బింది, మళ్లీ ఎలుక వెంట పడింది.

అడిగింది ఎవర్ని? బిలాస్‌పూర్-కట్నీ లైనులో, మా కోటా ఊరి స్టేషను కర్గీరోడ్ దగ్గర ముప్ఫయ్యేళ్లు పట్టాల వెంట నడిచిన కీమేన్‌ని. పట్టాల మీద పడ్డవాళ్లని చూశాను. లేచినవాణ్ణి చూడలేదు. అయినా నవ్వొచ్చింది. ఆ నవ్వు పాపమా?

కాలనిదీ తెగనిదీ ఆత్మ అంటుంది గీత. బొమ్మలవాళ్లు ఆ వరం ఏకంగా ఒంటికే ఇచ్చేశారు. ఇది ఇప్పటి సంగతేం కాదు. వేసవి సెలవులకి కాకినాడ వైపు అమ్మమ్మగారింటికి వెళ్తే మాధవపట్నం తోలుబొమ్మలవాళ్లు ఆడేవారు. రామాయణం మధ్యలో కేతిగాడు, జుట్టు పోలిగాడు, బంగారక్క దూరి తన్నుకునేవాళ్లు. తెర వెనక చెక్కలు టపటపలాడేవి. అదే తెర మీద రావణుడు చస్తే చచ్చినట్టే. కేతిగాడు మాత్రం ఎన్ని తిన్నా లేచి వచ్చేవాడు.

పాత టీవీ బొమ్మల్నీ కొత్తగా లేపుతూనే ఉన్నారు. హిందీ పిల్లల పత్రిక 'లోట్‌పోట్'లోని మోటూ పట్లూ 2012లో టీవీకెక్కారు. 1940లో పుట్టిన టామ్, జెర్రీలకి 1975లో టీవీవాళ్లు, పిల్లలు చెడిపోతారని కొట్లాట మాన్పించి స్నేహం కలిపారు. 2020 నాటి లూనీ ట్యూన్స్‌లో వేటగాడు ఎల్మర్ ఫడ్‌కి తుపాకీ లేదు, డైనమైటు మాత్రం ఉంచారు. తుపాకీ తీసేసినవాళ్ల బాధ నాకు తెలుసు. ఆ లెక్కన నా కోసం రైలూ తీసేయాలి! ఆ 1975 స్నేహమే నాకు మింగుడు పడదు. పడనివాడు లేచేదేమిటి? నేను నవ్వింది రైలు పోతున్నప్పుడు కాదు, పిల్లి బొటనవేలు నోట్లో పెట్టుకున్నప్పుడు.

మనవడికి అదంతా చెప్పలేక పెట్టె తీశాను. చిన్నప్పుడు పట్టా మీద పెట్టిన నలుపలకల అయిదు పైసల బిళ్ల, రేకై ఉంది. (ఉద్యోగంలో చేరాక అదే పని చేసే పిల్లల్ని ఎంతమందిని తరిమానో.) అంకె చెరిగిపోయింది, అంచు కోసుకుంటుంది.

వాడు తిప్పి తిప్పి చూశాడు. పెదాల దగ్గర పెట్టుకుని, బుగ్గలు పూరించి ఊదాడు.