రానివాని సత్యము

న్యాయస్థానపు వాకిట బంట్రోతు నిలిచి వాది పేరును ముమ్మారు పిలుచును. పలికినవాడు లోనికి పోవును. పలుకనివాని దావాను, ప్రతివాది హాజరై యున్నచో, న్యాయాధిపతి కొట్టివేయును. లోకమున దీనినే ‘డిఫాల్టు క్రింద దావా పోయినది’ అందురు.

ఇచట నొక ధర్మసందేహము కలుగును. ఒకడు ఆపదలో నున్న పొరుగువానికి అప్పిచ్చెను. బాకీ తీరనందున దావా వేసెను. వాయిదా నాడు జ్వరముచే మంచము పట్టి రాలేకపోయెను. అంతమాత్రమున ఆ ఋణము లేనిదగునా?

కాదు. ఆ తీర్పు వాది అసత్యవాది యని చెప్పుట లేదు. అతని మాట వినబడలేదని మాత్రమే చెప్పుచున్నది. పని మానుకొని, ఉదయము నుండి కాచుకొని యున్న ఎదుటివానిని ఎన్ని మారులు త్రిప్పవలెను? కావున 1908వ సంవత్సరపు సివిల్ ప్రొసీజరు కోడు, తొమ్మిదవ ఆర్డరులో ఈ కట్టడి చేసినది. ఇట్లు పోయిన దావాకు బదులు, అదే కారణముపై మరల క్రొత్త దావా వేయరాదు. అయినను, రాలేకపోవుటకు తగిన కారణము చూపినచో పాత దావానే పునరుద్ధరింపవలెను. అందుకు 1963వ సంవత్సరపు లిమిటేషను చట్టము 30 దినముల గడువు నిచ్చినది.

ఆ ఆర్డరులోనే ఎనిమిదవ నియమమున మరియొక మాట కలదు. వాది రాకపోయినను, ప్రతివాది తానుగా ఋణమును ఒప్పుకొన్నచో, ఒప్పుకొన్నంత మేరకు వాదికి డిక్రీ ఈయవలెను. ఎంత గంభీరమైన మాట! రానివాని సత్యము ఆ క్షణమున వచ్చినవాని నాలుకపై నున్నది. మౌనము వహించిన లాభము, పలికిన నష్టము. పిలుపునకు పలుకనివాడు వాది. కాని పరీక్ష ప్రతివాదిది. న్యాయాధిపతికి తెలియకపోవచ్చును గాని, హృదయమున వసించు సర్వసాక్షికి తెలియనిదేమున్నది?

కాకాసురుని వృత్తాంతము భక్తులెఱిగినదే. సీతమ్మకు అపచారము చేసి, రామాస్త్రము వెంటబడగా ముల్లోకములు తిరిగి, ఎచటను దిక్కులేక స్వామి సన్నిధిలోనే వచ్చి పడెను. పడినప్పుడు కాళ్లు స్వామివైపున, తల వెలుపలివైపున నుండగా, అమ్మయే ఆ తలను స్వామి పాదములవైపు త్రిప్పెనని పెద్దలు చెప్పుదురు. గాయపడినది ఆమె, ఫిర్యాదు చేయవలసినదియు ఆమెయే. అట్టి తల్లియే అపరాధి పక్షమున నిలిచెను. అమ్మవారిని పురుషకారభూతయని ఆచార్యులు కీర్తించుట ఇందుకే.

అయినను కాకాసురుడు రావలసియే వచ్చెను. రానిచో అమ్మ కరుణకు తావెచ్చట? జ్వరము తగ్గిన వాది గడువు లోపల న్యాయస్థానపు మెట్లెక్కవలసినట్లే, జీవుడును స్వామి సన్నిధికి మరలవలెను. అచట ఆలస్యమునకు కారణమడుగువారు లేరు. కాని మన ఆయువే గడువు.

కావున సోదరులారా! మన పేరు పిలిచినప్పుడు పలుకుదము. ఎదుటివాడు రాలేని నాడు, అతనికి చెందవలసిన సత్యమును మనమే పలుకుదము. అమ్మ మనయెడ చేయుచున్నది అదియే కదా!