కూలి ముందా, జకాత్ ముందా?

రంజాన్ రాత్రుల్లో లాడ్ బజార్ చూసినవాళ్లకు ఆ ధగధగ తెలుసు. బల్బుల కింద లక్క గాజులు, గాజుల మీద రాళ్లు. ఆ దుకాణాల వెనక గల్లీల్లో, ఇరుకు గదుల్లో, బొగ్గుల కుంపటి ముందు కూర్చుని లక్కను వేడి చేసి, సాగదీసి, గుండ్రంగా వంచి, ఒక్కో రాయినీ అద్దే ఆడవాళ్లు మాత్రం ఎవరికీ కనబడరు. 2024లో హైదరాబాద్ లక్క గాజులకు భౌగోళిక గుర్తింపు వచ్చింది. సంతోషమే. రాళ్లద్దే చేతికి ఇంకా ఏ గుర్తింపూ లేదు.

దుకాణం సేటూ మనవాడే. గాజు చేసే ఆపా కూడా మన మనిషే. నా బాధంతా ఇక్కడే.

నాకు తెలిసిన ఒక ఆపా ఉంది. పేరెందుకులెండి. జతల లెక్కన కూలి. రాయి ఊడితే కోత, రంగు మారితే కోత. కోత ఎందుకని అడిగితే మర్నాటి నుంచి లక్క రాదు, రాళ్లు రావు. రంజాన్ ఆఖరి రోజుల్లో అదే సేటు ఇంటి ముందు ఆమె జకాత్ కోసం వరసలో నిలబడుతుంది. "జకాత్ చిట్టాలో నా పేరుంది భాయ్‌సాబ్, కూలి పుస్తకంలోనే లేదు" అని ఒకసారి నవ్వింది.

మసీదు సఫ్‌లో సేటు భుజమూ ఆపా కొడుకు భుజమూ ఆనుకునే ఉంటాయి. ఆ బరాబరీ అబద్ధమని నేననను. చిన్నప్పుడు నాకు తలెత్తుకునే ధైర్యమిచ్చింది అదే. కానీ బయటికొచ్చి చెప్పులు వేసుకునేసరికి ఎవరి చెప్పులు వారివే.

జకాత్ భిక్షం కాదు, బీదవాడి హక్కు. ఏడాదిపాటు చేతిలో నిలిచిన సొమ్ములో నలభయ్యో వంతు. ఈ లెక్క సేటుకు నాకంటే బాగా తెలుసు. అయితే ఆ లెక్క వేసే ముందు ఇవ్వాల్సిన బాకీలు పక్కకు తీయాలి కదా? కోసుకున్న కూలి ఏ పద్దులో ఉంది? కూలి కింద ఇవ్వాల్సినదాన్ని జకాత్ పేరుతో ఇస్తే అది జకాత్ కిందికి రాదని ఉలేమాలే చెబుతారు. ఇది నా సొంత పైత్యం కాదు.

ఇది రాస్తానంటే దోస్తులు వారించారు. "ఇంటి గుట్టు బజారుకెక్కిస్తావా? అసలే మన మీద ఎన్ని మాటలు!" ఆ భయంలో నిజముంది. అద్దె ఇంటికోసం వెళ్లి, పేరు చెప్పగానే తలుపు మూయించుకున్నవాణ్ణి నేను. ఆ తలుపు సేటుకూ మూసుకుంటుంది, ఆపాకూ మూసుకుంటుంది. కాకపోతే సేటు ఇంకోచోట ఇల్లు కొనుక్కోగలడు.

2006 నాటి సచార్ కమిటీ నివేదికను మనం సభల్లో చదువుతాం. సర్కారు నౌకరీల్లో మన వాటా ఎంత తక్కువో చెబుతాం. చెప్పాలి, అడగాలి. అదే నివేదికలో ఇళ్లలో కూర్చుని పనిచేసే ముస్లిం ఆడవాళ్ల సంగతి ఉంది. అష్రాఫ్, అజ్లాఫ్, అర్జాల్ అని మనలోని మెట్ల సంగతీ ఉంది. ఆ పుటలు తెరిచిన సభ నేనింతవరకు చూడలేదు. 2007లో బి.సి.-ఇ రిజర్వేషన్ చట్టం వచ్చినప్పుడు ధోబీ, హజామ్, ఫకీర్, ఖురేషీ, అత్తర్ సాయిబు అని పేరుపేరునా రాయాల్సి వచ్చింది. సర్టిఫికెట్ దగ్గర మెట్లున్నాయంటాం, దావత్‌లో లేవంటాం, నిఖా మాటొస్తే మళ్లీ వెతుకుతాం. దూదేకులవాళ్లను అడగండి, ఇంకా వివరంగా చెబుతారు.

ఖౌమ్ కోసం నోరు మూసుకోమంటే, మూసుకోవలసింది ఎప్పుడూ ఆపాయేనా? సేటు దుకాణం మీద రాయి పడితే ఆమె కొడుకు జులూసులో ముందుంటాడు. అప్పుడది ఖౌమ్ విషయం. ఆమె కూలి అడిగితే మాత్రం అది ధంధా విషయమవుతుంది. ఇదేం ఇన్సాఫో నాకు అంతుపట్టదు.

పోయిన రంజాన్‌లో జకాత్ చిట్టా రాయడానికి నన్ను పిలిచారు, రెండు భాషలూ వచ్చినవాణ్ణని. ఆపా పేరు దగ్గర కలం ఆగింది. రాస్తే కూలి బాకీ మాఫీ చేసినట్టవుతుంది. రాయకపోతే ఆ ఇంట్లో పండగ లేదు. రాశాను. ఆ తర్వాత సేటును పక్కకు తీసుకెళ్లి, కోసిన కూలి సంగతేమిటని అడిగాను.

"అది వేరే లెక్క సాబ్" అన్నాడు.