జులై 4

ఈరోజు జులై 4.

1776లో అమెరికా స్వాతంత్ర్య ప్రకటన వెలువడిన రోజిది. సరిగ్గా యాభై ఏళ్లకు, 1826 జులై 4నే, ఆ ప్రకటన రాసిన థామస్ జెఫర్సన్, దాని కోసం పట్టుబట్టి వాదించిన జాన్ ఆడమ్స్ కొన్ని గంటల తేడాలో కన్నుమూశారు. 1902లో ఇదే రోజున బేలూరు మఠంలో వివేకానందుడు దేహం చాలించారు. అప్పటికి ఆయనకు నిండా నలభై ఏళ్లు లేవు.

మన తెలుగువాళ్లకు మాత్రం ఇది అల్లూరి సీతారామరాజు పుట్టినరోజు. 1897లో పాండ్రంగిలో పుట్టారు. పోడు చేసుకోనివ్వని, చాలీచాలని కూలికి రోడ్డు పనులు చేయించుకున్న సర్కారు మీద మన్యాన్ని లేపారు. 1922 ఆగస్టులో చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి పోలీసు స్టేషన్ల మీద వరసగా దాడి చేసి తుపాకులు పట్టుకుపోయారు. ఇరవై ఏడేళ్లు నిండకుండానే కొయ్యూరులో ఆయన్ని కాల్చి చంపారు.

ఈ తేదీనే, 1963లో, పింగళి వెంకయ్యగారు పోయారు. 1921లో బెజవాడ కాంగ్రెస్ సమావేశాల్లో గాంధీజీకి జెండా నమూనా అందించిన మనిషి. తర్వాత రంగులు మారాయి, రాట్నం స్థానంలో ధర్మచక్రం వచ్చింది, 1947 జులై 22న అది జాతీయ పతాకమైంది. ఆయన చివరి రోజులు మాత్రం పేదరికంలోనే గడిచాయి. ఆయన పేర తపాలా బిళ్ల రావడానికి 2009 దాకా పట్టింది. అది తలచుకున్నప్పుడల్లా నాకు మనసు చివుక్కుమంటుంది.

అల్లూరి విగ్రహానికి దండ వేసే చోట, ఇవాళ వెంకయ్యగారి వర్ధంతి కూడా అని పిల్లలకు చెప్పండి.