ఇల్లూ వాకిలీ

లంకమల కొండ కింద ఒక బీడు. కలివి, రేగు, తుమ్మ పొదలు. పొదకూ పొదకూ నడుమ ఎర్రమట్టి సందులు. పగలు ఒక ముసలాయన మేకలు ఆ సందుల్లో మేసేవి. పొద్దు గూకితే అవే సందుల్లో ఒక పిట్ట పురుగుల కోసం ఉరికేది. దానికి రెక్కల కన్నా కాళ్ల మీదే నమ్మకం. ముసలాయన పొయ్యిలోకి నాలుగు కొమ్మలు కొట్టుకునేవాడు. పిట్టను ఏనాడూ పలకరించలేదు, తరమనూ లేదు.

ఆయన పోయినాక కొడుకులు బీడు పంచుకున్నారు. పెద్దోడు పొక్లెయిన్ తెచ్చి పొదలన్నీ పెరికించి నిమ్మచెట్లు నాటినాడు. దాగేదానికి నీడ లేక పిట్ట చిన్నోని వాటాలోకి వచ్చింది. చిన్నోనికి అదంటే ప్రాణం. "నీ జోలికి ఎవురూ రాకుండా చూసుకుంటా తల్లీ" అని చుట్టూ కంచె వేసినాడు. మేకల్ని బయటికి తోలినాడు. గొడ్డలిని అటకెక్కించినాడు.

నాలుగేండ్లు గడిచినాయి. పొదలు ఒకదాన్నొకటి అల్లుకొని సందులన్నీ మూసుకుపోయినాయి. ఒక రాత్రి పిట్ట కంచె దగ్గరికి వచ్చి, అవతల కట్టేసిన ముసలి మేకతో అనింది: "మేకవ్వా, పెద్దోడు నాకు ఇల్లు లేకుండా చేసినాడు. చిన్నోడు వాకిలి లేకుండా చేసినాడు. నువ్వు మేసేటప్పుడు నాకు రెండూ ఉండె."

"నాకేం తెలుసు బిడ్డా, నేను ఆకలికి తింటి" అనింది మేక.

నీతి: మనిషి అడవిని మింగేసినా పిట్ట బతకదు, మనిషిని వెళ్లగొట్టినంత మాత్రాన కూడా బతకదు. పాత పొత్తు ఎలా నడిచిందో తెలుసుకోకుండా చూపే ప్రేమ కూడా చేటు చేస్తుంది.

ఆ పిట్ట మన కలివి కోడి. 1848లో పక్షిశాస్త్రానికెక్కింది. 1900 తర్వాత ఎవరికీ కనబడక, ఇక లేదనుకున్నారు. బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ వెతుకులాటలో, 1986 జనవరిలో, కడప జిల్లా రెడ్డిపల్లి దగ్గర ఒక రాత్రి లైటు వెలుగులో దాన్ని చేత్తో పట్టుకున్నది ఐతన్న అనే పిట్టల వేటగాడు. దాని కోసమే శ్రీ లంకమల్లేశ్వర అభయారణ్యం వచ్చింది, తెలుగుగంగ కాలువ దారి మారింది. పొదలు మరీ చిక్కగానో మరీ పలచగానో కాక, హెక్టారుకు 300 నుంచి 700 దాకా పెద్ద పొదలున్న చోటే అది ఎక్కువగా తిరుగుతుందని తర్వాత పరిశోధకులు తేల్చారు. బీడును అలా ఉంచేది మితమైన మేత, మితంగా కట్టెలు కొట్టే చేయి. మితం తప్పితే అవే దాన్ని చెరుపుతాయి.

అందుకే ఏ వైపు ఎన్ని మేకల్ని తోలాలో, ఏ నెలలో ఆపాలో ముందుగా అక్కడి కాపర్లతో కూర్చుని మాట్లాడాలి. వాళ్లకూ, ఐతన్నలాంటి వేటగాళ్లకూ ఆ సందులు చీకట్లో కూడా తెలుసు.